ఇంటి తాళం అప్పగించిన ఫైలు

తెలంగాణలో ఎకరమంటే 40 గుంటలు. అదే ఎకరం ఆంధ్రలో 100 సెంట్లు. ఇటు పహాణీ అన్న కాగితం అటు అడంగల్. ఇటు పొలం పాత కొలతలు టిప్పన్‌లో ఉంటాయి, అటు ఎఫ్‌ఎమ్‌బీలో. నిజాం సర్కారు ఒక పద్ధతిలో, మద్రాసు సర్కారు ఇంకో పద్ధతిలో గొలుసు పట్టించి కొలిపించాయి కాబట్టి నేల ఒకటే అయినా రాత రెండు రకాలుగా మిగిలింది. ఇరుపక్కలా భూములున్న కుటుంబాలకు రెండు రాతలూ చదవగలిగిన మనిషి ఒకరు కావాలి. ఆ మనిషి కొత్త భూమిని పుట్టించడు, కొత్త చట్టం రాయడు. గుంటకు రెండున్నర సెంట్లని అతనికి తెలుసు, అంతే. కంప్యూటర్లో ఇలాంటి పని చేసే చిన్న ఫైలును ప్లగిన్ అంటారు. విండోస్‌లో అది సాధారణంగా డైనమిక్ లింక్ లైబ్రరీ రూపంలో, పేరు చివర డీఎల్‌ఎల్ అన్న మూడక్షరాలతో ఉంటుంది. చాలామందికి ఈ మూడక్షరాలు పరిచయమయ్యేది ఫలానా ఫైలు దొరకలేదంటూ తెర మీద ఎర్ర గుర్తు పడినప్పుడే. కానీ వీటి గురించి తెలుసుకోవలసింది అంతకన్నా చాలా ఉంది. బయటివాళ్లు రాసిన ముక్కను ప్రోగ్రాము తన ఇంటిమనిషిగా చేర్చుకుంటుంది. ప్లగిన్ వల్ల కలిగే మేలూ, కీడూ రెండూ ఆ ఒక్క చర్య నుంచే పుడతాయి. రెండింట్లో మనకు ఏది దక్కుతుందన్నది ఆ ముక్కకూ ప్రోగ్రాముకూ మధ్య ఉన్న ఒప్పందం మీద, ఆ ముక్క ఎవరి చేతి నుంచి వచ్చిందన్నదాని మీద ఆధారపడి ఉంటుంది.

ఈ మాట నిజమో కాదో చూడడానికి కెనడాలోని సర్రీ నగరం మంచి చోటు. వాంకూవర్‌కు దగ్గర్లో, ఫ్రేజర్ నదికి దక్షిణాన ఉన్న ఈ ఊరు మనవాళ్లకు పంజాబీలు ఎక్కువగా ఉండే ఊరుగా, పిల్లలు పైచదువులకు వెళ్లే ఊరుగా తెలుసు. 2021 జనగణన ప్రకారం జనాభా 5,68,322. ఇంత పెద్ద ఊరికి నగర హోదా వచ్చింది 1993లోనే. అదే ఏడాది డాన్ మర్రీ, డేల్ లట్జ్ అనే ఇద్దరు సేఫ్ సాఫ్ట్‌వేర్ సంస్థను మొదలుపెట్టారు. బ్రిటిష్ కొలంబియా రాష్ట్రంలో అడవులే ఎక్కువ, ఆ అడవుల్లో అత్యధిక భాగం ప్రభుత్వానిది. కలప కంపెనీలు ఎక్కడ నరుకుతున్నాయో, ఎక్కడ తిరిగి నాటుతున్నాయో పటాలు గీసి ప్రభుత్వానికి ఇవ్వాలి. ప్రభుత్వం తన పటాలను వాళ్లకు ఇవ్వాలి. ఒకరి సాఫ్ట్‌వేర్ రాసిన ఫైలు ఇంకొకరి సాఫ్ట్‌వేర్ చదవలేదు. ఈ చిక్కు విప్పడానికి ప్రభుత్వం ఒక ఉమ్మడి ఫార్మాట్‌ను ముందుకు తెచ్చింది. దాని పేరు స్పేషియల్ ఆర్కైవ్ అండ్ ఇంటర్‌చేంజ్ ఫార్మాట్. ఇంగ్లీషులో ఆ పేరు మొదటి అక్షరాలను కలిపి పలికితే సేఫ్ అనే వినిపిస్తుంది. సంస్థ పేరు అక్కడి నుంచి వచ్చిందే. ఆ ఉమ్మడి ఫార్మాట్‌లోకీ, అందులోంచి బయటికీ పటాలను మార్చే పనిలో ఎఫ్‌ఎమ్‌ఈ పుట్టింది. ఫీచర్ మానిప్యులేషన్ ఇంజిన్ అన్నది దాని పూర్తి పేరు. ఇప్పుడది 450కి పైగా ఫార్మాట్లను చదవగలదు. కాలిఫోర్నియాలోని ఎస్రి అంతటి పెద్ద పటాల సంస్థ కూడా తన ఆర్క్‌జీఐఎస్ ప్రోగ్రాముకు అమ్మే ఒక ఎక్స్‌టెన్షన్‌లో ఈ సర్రీ ఇంజిన్‌నే పెట్టుకుంది.

అన్ని ఫార్మాట్లను ఒకే ప్రోగ్రాము ఎలా చదువుతుంది? నిజానికి ఆ ప్రోగ్రాము నడిబొడ్డుకు ఏ ఫార్మాట్ గురించీ తెలియదు. దానికి తెలిసింది ఫీచర్ ఒక్కటే. ఫీచరంటే నేల మీద ఉన్న ఒక వస్తువు: ఆకారం, దానితో అంటిపెట్టుకున్న వివరాలు. ఒక చెరువు అంచు గీత, దాని పేరు, విస్తీర్ణం, అన్నీ కలిపితే ఒక ఫీచర్. ఎఫ్‌ఎమ్‌ఈ ఉన్న విండోస్ కంప్యూటర్లో ప్లగిన్స్ అని ఒక ఫోల్డరు ఉంటుంది. అందులోని డీఎల్‌ఎల్ ఫైళ్లలో కొన్నిటికి ఆటోక్యాడ్ గీతలు తెలుసు, కొన్నిటికి మైక్రోస్టేషన్, కొన్నిటికి షేప్‌ఫైలు. నడిబొడ్డు వాటిని అడిగేది నాలుగే ముక్కలు: ఫైలు తెరువు, లోపల ఏమేం రకాలున్నాయో చెప్పు, ఒక్కో ఫీచర్ తీసి ఇవ్వు, పని అయ్యాక మూసేయ్. రాసే ప్లగిన్లకూ ఇలాంటి ప్రశ్నలే ఉంటాయి. ఈ ఏర్పాటులో ఎంత శ్రమ తప్పుతుందో లెక్క వేసి చూడాలి. పది ఫార్మాట్లుంటే ఒక్కో జంటకు రెండు దిక్కులా నేరుగా మార్చే ప్రోగ్రాములు 90 రాయాలి. మధ్యలో ఫీచర్ అనే ఉమ్మడి మాట పెట్టుకుంటే చదివేవి పది, రాసేవి పది, మొత్తం 20 చాలు. 450 ఫార్మాట్లకు నేరుగా వెళ్లే దారి 2,02,050 ప్రోగ్రాములు అడుగుతుంది, ప్లగిన్ దారి 900 అడుగుతుంది. అంతకన్నా ముఖ్యమైనది ఇంకోటుంది. ప్లగిన్ ఎలా రాయాలో చెప్పే కిట్‌ను ఆ సంస్థ బయటివాళ్లకూ ఇచ్చింది. సర్రీలో ఎవరూ ఎన్నడూ వినని ఫార్మాట్ ఒకటి ఏ దేశంలోనో ఒక మునిసిపాలిటీ సొంతంగా వాడుతుంటే, అక్కడి ఇంజినీరు దానికి ప్లగిన్ రాసి ఆ ఫోల్డర్లో పెట్టుకోవచ్చు. మూల ప్రోగ్రాము సోర్సుకోడ్ అతనికి అక్కర్లేదు. సర్రీ నుంచి కొత్త వెర్షన్ వచ్చేదాకా అతను కాచుకుని కూర్చోనక్కర్లేదు.

విండోస్‌లో ఈ ఏర్పాటుకు పునాది 1985 నవంబరులో వచ్చిన మొదటి విండోస్‌లోనే ఉంది. అప్పుడు ఆ వ్యవస్థ అడిగిన మెమరీ 256 కిలోబైట్లు; ఇవాళ ఫోనులో దించుకున్న ఒక చిన్న ఫొటో కూడా అంతకన్నా పెద్దది. అంత ఇరుకులో కిటికీ గీయడం, అక్షరం వేయడం వంటి పనుల కోడ్‌ను ప్రతి ప్రోగ్రామూ తనలో మోసుకు తిరిగితే చోటు చాలదు. ఊళ్లో ప్రతి ఇంట్లో పిండిమర పెట్టుకోరు, అందరికీ ఒక గిర్నీ ఉంటుంది. అలాగే ఆ పనులన్నీ ఉమ్మడి లైబ్రరీలలో పెట్టారు. ప్రోగ్రాము నడిచే సమయంలో అవసరమైనప్పుడు ఆ లైబ్రరీతో ముడి పడుతుంది కాబట్టి దాన్ని డైనమిక్ లింక్ అన్నారు. ప్రోగ్రాము అడిగితే విండోస్ ఆ ఫైలును తెచ్చి ఆ ప్రోగ్రాము సొంత మెమరీలోనే పరుస్తుంది, లోపలి పనులు పేరుపేరునా ఎక్కడున్నాయో చూపిస్తుంది. ముందే పేరు తెలిసిన లైబ్రరీని తెచ్చుకునే ప్రోగ్రాము, ఒక ఫోల్డర్లో ఏది కనిపిస్తే దాన్ని కూడా తెచ్చుకోగలదు. ఆ రెండో వాడుకే ప్లగిన్. ఫొటోషాప్ ఫిల్టర్లు, సంగీతం చేసేవాళ్లు వాడే వీఎస్‌టీలు, ఎక్సెల్‌కు తగిలించే ఎక్స్‌ఎల్‌ఎల్ ఫైళ్లు, పేరు చివరి అక్షరాలు ఏవైనా లోపల డీఎల్‌ఎల్‌లే.

పొదుపు కోసం పుట్టిన ఉమ్మడి ఏర్పాటు కొన్నాళ్లకు గొడవలు తెచ్చింది. 1990లలో కొత్త ప్రోగ్రాము ఇన్‌స్టాల్ చేస్తే అది తనతో తెచ్చిన లైబ్రరీ కాపీని ఉమ్మడి ఫోల్డర్లో ఉన్నదాని మీద రాసేసేది. దాని కాపీ పాతదైతే నిన్నటిదాకా బాగా నడిచిన మరో ప్రోగ్రాము ఇవాళ తెరుచుకోదు. గిర్నీ రాళ్లను ఒకరు వచ్చి తమ ధాన్యానికి తగ్గట్టు మార్చి వెళ్లిపోతే మిగతా ఊరి పిండి ఏమవుతుందో అదే జరిగింది. విండోస్ 2000 నుంచి తన సొంత లైబ్రరీల మీద ఎవరూ చేయి వేయకుండా మైక్రోసాఫ్ట్ కాపలా పెట్టింది. ఎక్స్‌పీలో ఒకే లైబ్రరీ వేర్వేరు వెర్షన్లు పక్కపక్కన ఉండే వీలు కల్పించింది. మెమరీ చవకయ్యాక చాలా ప్రోగ్రాములు తమ లైబ్రరీలను తమ ఫోల్డర్లోనే ఉంచుకోవడం మొదలుపెట్టాయి. డీఎల్‌ఎల్ పుట్టుకకు కారణమైన పొదుపు ఆ విధంగా పక్కకు పోయింది. అయినా డీఎల్‌ఎల్ పోలేదు. బయటివాడు వచ్చి చేరగల తలుపు దానితో తప్ప అంత తేలిగ్గా దొరకదు కాబట్టే నిలిచిందని నా నమ్మకం.

ఆ తలుపుకు కొలత ఉంటుంది. ప్లగిన్ అన్న మాట గోడ సాకెట్‌లో పెట్టే ప్లగ్గు నుంచి వచ్చింది కాబట్టి, పోలిక కోసం సర్రీ వెళ్లే తెలుగు కుటుంబాల సూట్‌కేసులోకే చూద్దాం. మన దగ్గర కరెంటు 230 వోల్టులు, అక్కడ 120. ఇక్కడి మిక్సీని ఇడ్లీపిండి కోసం తీసుకెళ్లేవాళ్లు 110 వోల్టుల మోడలే అడిగి కొనడం అందుకే. మామూలు మిక్సీకి ఒక అడాప్టర్ తగిలిస్తే ప్లగ్గు గోడలో దిగుతుంది, మోటారు మాత్రం పప్పు నలగనంత నీరసంగా తిరుగుతుంది. అక్కడి మిక్సీని ఇక్కడికి తెచ్చి అదే పని చేస్తే కాలిపోతుంది. దిగడం వేరు, కుదరడం వేరు. డీఎల్‌ఎల్ ఫైలును కాపీ చేసి ఫోల్డర్లో పడేస్తే దిగుతుంది. 64 బిట్ల ప్రోగ్రాము 32 బిట్ల ప్లగిన్‌ను తనలోకి అసలు తీసుకోలేదు, అక్కడికక్కడే ఆగి చెబుతుంది, ఇది నయం. అంతకన్నా చెడ్డది, పని పేరు అదే ఉండి అది ఆశించే అంకెల వరుస మారిన సందర్భం. అప్పుడు ప్రోగ్రాము ఫిర్యాదు లేకుండా మొదలై, పని మధ్యలో కూలుతుంది, లేదా తప్పు లెక్క ఇస్తుంది. పొలం హద్దుల విషయంలో తప్పు లెక్క కూలడం కన్నా ప్రమాదం. అందుకే మంచి ప్లగిన్ వ్యవస్థల్లో ఒప్పందానికి వెర్షన్ నంబరు ఉంటుంది. ప్లగిన్ రాగానే ముందు ఆ నంబరు అడిగి, సరిపోకపోతే గడప దగ్గరే ఆపేస్తారు.

ఇదంతా పటాలు గీసేవాళ్ల గొడవ అనుకునే తెలుగు పాఠకుడికి ఒక ఉదాహరణ చెప్పాలి. స్త్రీ అన్న మాట మన కంటికి ఒకే అక్షరం. యూనికోడ్‌లో అది ఆరు సంకేతాలు: స, పొల్లు, త, పొల్లు, ర, చివర గుడిదీర్ఘం. ఆ ఆరింటినీ కలిపి ఒత్తులు కిందకు దించి, గుడి పైకెక్కించి ఒకే రూపంగా పేర్చే పనిని విండోస్‌లో యూనిస్క్రైబ్ అనే లైబ్రరీ చేసేది. ఆ ఫైలు పేరు యూఎస్‌పీ10 డాట్ డీఎల్‌ఎల్. 2001లో వచ్చిన ఎక్స్‌పీతోపాటు తెలుగు కోసం గౌతమి ఫాంటు వచ్చింది. కానీ భారతీయ లిపుల సదుపాయాన్ని కంట్రోల్ ప్యానెల్లోకి వెళ్లి విడిగా ఇన్‌స్టాల్ చేసుకుంటే తప్ప ఒత్తులు విడిపోయి చుక్కల వలయాలతో కనిపించేవి. కొత్త ఆఫీసుతో వచ్చిన ఆ ఫైలు కొత్త కాపీని తెచ్చి తమ ప్రోగ్రాము ఫోల్డర్లో పెట్టుకుని లిపి సరిచేసుకున్న వాళ్లు ఆ రోజుల్లో ఎందరో ఉన్నారు. ప్రోగ్రాము రాసినవాడికి తెలుగు రాదు, రానక్కర్లేదు కూడా. అతను అక్షరాలు పేర్చే పనిని లైబ్రరీకి వదిలాడు, లైబ్రరీ మారితే అతని ప్రోగ్రాముకు తెలుగు వచ్చేసింది. అను ఫాంట్ల కాలంలో ఈ అవకాశం లేదు. తెలుగు అక్షరాల ముక్కలను ఇంగ్లీషు అక్షరాల గదుల్లో దాచిన ఆ ఏర్పాటులో, ఫాంటు లేని కంప్యూటర్లో మన వ్యాసం అర్థంలేని గుర్తుల వరుస అవుతుంది. ఎన్నో పత్రికల పాత సంచికల టెక్స్టును బయటికి తీయాలంటే నేటికీ కన్వర్టర్లు రాయవలసి వస్తోంది. బహిరంగ ఒప్పందానికీ మూసిన ఏర్పాటుకూ ఉన్న తేడా మన భాషకు అనుభవంలోకి వచ్చినంతగా చాలా భాషలకు రాలేదు.

మేలు సంగతి ఇది. కీడు కూడా అదే గుమ్మం నుంచి వస్తుంది. ప్లగిన్ ప్రోగ్రాము సొంత మెమరీలోకి వచ్చి కూర్చుంటుందని చెప్పాను కదా. అంటే ప్రోగ్రాము చూడగలిగినదంతా అది చూడగలదు, ప్రోగ్రాముకు తెరుచుకునే ప్రతి ఫైలూ దానికీ తెరుచుకుంటుంది. వరండాలో కూర్చోబెట్టి మాట్లాడి పంపే చుట్టం లాంటిది కాదు. తాళంచెవుల గుత్తి చేతికిచ్చి వంటింటిదాకా రానిచ్చిన మనిషి. 2010లో బయటపడ్డ స్టక్స్‌నెట్ అనే దొంగ ప్రోగ్రాము చేసింది ఇదే. ఇరాన్ అణు కేంద్రంలోని సెంట్రిఫ్యూజులే దాని గురి అన్నది నిపుణుల నిర్ధారణ. యంత్రాలను నడిపే కంట్రోలర్లతో మాట్లాడటానికి సీమెన్స్ స్టెప్ 7 ప్రోగ్రాము వాడే ఒక డీఎల్‌ఎల్ పేరు మార్చి పక్కన పెట్టి, దాని చోట తన ఫైలును కూర్చోబెట్టింది. ప్రోగ్రాము అడిగిన ప్రశ్నలకు చాలావరకు పాత లైబ్రరీ చేతనే జవాబు చెప్పించింది కాబట్టి ఇంజినీర్లకు అనుమానం రాలేదు. పదేళ్లకు, 2020 డిసెంబరులో, సోలార్‌విండ్స్ అనే కంపెనీ ఉదంతం వెలుగు చూసింది. పెద్ద సంస్థల నెట్‌వర్కులను కనిపెట్టి ఉండే దాని ఓరియన్ సాఫ్ట్‌వేర్లోని ఒక ప్లగిన్ డీఎల్‌ఎల్‌లో, అది తయారయ్యే చోటే, దొంగ కోడ్ చేర్చారు. ఆ ఫైలుకు కంపెనీ అసలైన డిజిటల్ సంతకం కూడా పడింది. మామూలు అప్‌డేట్ రూపంలో అది 18,000 వరకు సంస్థలకు చేరింది. అందులో అమెరికా ప్రభుత్వ శాఖలున్నాయి. సంతకం చూసుకుంటే చాలు అనేవారికి ఈ ఉదంతమే జవాబు. సంతకం ఆ ఫైలు ఎవరి ఇంటి నుంచి బయల్దేరిందో చెబుతుంది, ఆ ఇంట్లో అప్పటికే దొంగ ఉన్నాడో లేడో చెప్పదు. అయినా సంతకం లేని ఫైలు కన్నా ఉన్న ఫైలు మేలే. ఎందుకంటే ఎవరిని నిలదీయాలో అప్పుడైనా తెలుస్తుంది.

ఇళ్లలో జరిగే పొరపాటు ఇంత పెద్దది కాదు గానీ రోజూ జరుగుతుంది. ఎంఎస్‌వీసీపీ140 డాట్ డీఎల్‌ఎల్ దొరకలేదు అన్న సందేశం చూడగానే ఆ పేరుతో వెతికి, ఎవరో పెట్టిన డౌన్‌లోడు పేజీ నుంచి ఆ ఒక్క ఫైలు దించి, సిస్టమ్ ఫోల్డర్లో పడేస్తారు. ఒక మాత్ర పేరు తెలిసిందని రోడ్డు పక్కన అట్ట లేకుండా విడిగా అమ్మేవాడి దగ్గర కొని మింగడంతో సమానమిది. ఆ ఫైలు మైక్రోసాఫ్ట్ విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ అనే ప్యాకేజీలో భాగం. మైక్రోసాఫ్ట్ ఉచితంగానే ఇస్తుంది. మొత్తం ప్యాకేజీని అక్కడి నుంచి ఇన్‌స్టాల్ చేస్తే దాని తోడు ఫైళ్లు సరైన వెర్షన్లతో సహా వస్తాయి. ఒక ప్రోగ్రాముకు చెందిన ప్లగిన్ పోతే ఆ ప్రోగ్రామునే మళ్లీ ఇన్‌స్టాల్ చేయాలి. విడి ఫైలు దించుకోవలసిన అవసరం మామూలు మనిషికి దాదాపు ఎన్నడూ రాదు. ఇంకో జాగ్రత్త కూడా ఉంది. ప్రోగ్రాము తనకు కావలసిన లైబ్రరీ కోసం ముందుగా తన ఫోల్డర్లోనే వెతుకుతుంది. డౌన్‌లోడ్స్ ఫోల్డర్లో నెలల తరబడి పోగుపడ్డ ఫైళ్ల మధ్య నుంచి ఒక ఇన్‌స్టాలర్‌ను నడిపితే, అదే చోట ఎప్పుడో వచ్చి పడిన దొంగ డీఎల్‌ఎల్‌ను అది తన మనిషే అనుకుని పిలుచుకునే ప్రమాదముంది. 2010లో ఈ రకం దాడులు పెద్ద ఎత్తున చర్చకు రాగా మైక్రోసాఫ్ట్ స్వయంగా హెచ్చరిక విడుదల చేసింది. ఫోల్డరును శుభ్రంగా ఉంచుకోవడం ఇంత విలువైన పని అని చాలామందికి తెలియదు.

ఇంత ప్రమాదమున్నప్పుడు తలుపే మూసేయొచ్చు కదా అనే వాదన ఉంది, అది బలమైనదే. బ్రౌజర్లు ఆ దారినే పట్టాయి. గూగుల్ క్రోమ్ 2015లో పాత తరహా ప్లగిన్లను పూర్తిగా ఆపేసింది. వాటి చోట వచ్చిన ఎక్స్‌టెన్షన్లు అడిగి అనుమతి తీసుకుంటే తప్ప దేన్నీ ముట్టుకోలేవు. ఇంటర్నెట్ నుంచి దిగిన ఎక్స్‌ఎల్‌ఎల్ ఫైళ్లను ఎక్సెల్ నేరుగా తెరవకుండా 2023లో మైక్రోసాఫ్ట్ అడ్డుకట్ట వేసింది. ఊరూ పేరూ తెలియని పేజీలు తెరిచే బ్రౌజర్‌కు ఆ కట్టుబాటు న్యాయమే. కానీ అన్ని పనులూ బ్రౌజర్ పనులు కావు. ఒక జిల్లా పటంలో లక్షల కమతాలుంటాయి. ఒక్కొక్క దాని హద్దుల గీతను ఒక ప్రోగ్రాము నుంచి గోడ అవతలి ఇంకో ప్రోగ్రాముకు కట్టగట్టి పంపి, అక్కడ విప్పి, మళ్లీ కట్టి వెనక్కి రప్పిస్తే పని సమయం ఎన్నో రెట్లు పెరుగుతుంది. ఒకే మెమరీలో ఉన్న ప్లగిన్ ఆ గీతను ఉన్నచోటే చదువుతుంది. భద్రత కోసం వేగాన్ని కొంత వదులుకోవడం తప్పు కాదు. ఎక్కడ వదులుకోవాలో పని తీరును బట్టి తేల్చాలి. ఎవరు రాశారో తెలిసిన ప్లగిన్‌ను, బయటి నెట్‌వర్కుతో సంబంధం లేని కంప్యూటర్లో, అడ్మినిస్ట్రేటర్ హక్కుల్లేని ఖాతాలో నడిపితే గుత్తిలో ఉన్న తాళంచెవుల సంఖ్యే తగ్గుతుంది. తలుపు మూయకుండానే చేయగల పని ఇది. చేసేవాళ్లు తక్కువ, అదే బాధ.

మరో వాదన సర్రీ చరిత్రలోనే ఉంది. అందరూ ఒకే ఫార్మాట్ వాడితే మార్పిడి ప్లగిన్ల అవసరమే ఉండదు కదా? బ్రిటిష్ కొలంబియా ప్రభుత్వం సరిగ్గా అదే అనుకుంది. ఉమ్మడి ఫార్మాట్ తయారు చేసింది, దానికి కెనడా జాతీయ ప్రమాణం హోదా కూడా దక్కింది. పటాలు అందులోనే ఇచ్చింది. మరి అది లోకాన్ని ఏకం చేసిందా? లేదు, ఇవాళ ఆ ఫార్మాట్ వాడేవాళ్లు చాలా అరుదు. దాని కోసం పుట్టిన మార్పిడి ఇంజిన్ మాత్రం మూడు దశాబ్దాలు దాటి బతుకుతోంది. దీన్ని బట్టి ప్రమాణాలు వృథా అని నేననను. అంతా చదవగలిగేలా రాసిపెట్టిన ప్రమాణం ఉన్నందువల్లే మర్రీ, లట్జ్ దాన్ని చదివే ప్లగిన్ రాయగలిగారు. ప్రమాణం ఓడిపోయినా దాని రాత మిగిలింది, రాత మిగిలితే చదివేవాడు మళ్లీ పుట్టగలడు. ఒకే ఫార్మాట్ లేని లోకం మనవాళ్లకూ అనుభవమే. 1991లో హైదరాబాదులో బీవీఆర్ మోహన్ రెడ్డి మొదలుపెట్టిన ఇన్ఫోటెక్ ఎంటర్‌ప్రైజెస్, ఇప్పటి సైయెంట్, తొలినాళ్లలో పాశ్చాత్య దేశాల కాగితపు పటాలను కంప్యూటర్లోకి ఎక్కించే పనితోనే ఎదిగింది. మన కుర్రవాళ్లు గీసిన ఆ గీతలు ఒక్కో కస్టమర్‌కు ఒక్కో ఫార్మాట్లో చేరాలి. ఒకే ఫార్మాట్ లోకంలో ఆ పని తేలికయ్యేది నిజమే. ఆ లోకం మాత్రం ఇంకా రాలేదు, వస్తుందన్న గుర్తులూ లేవు. ప్రతి కొత్త యంత్రం, లేజర్ స్కానర్ గానీ డ్రోన్ గానీ, తనదైన ఫార్మాట్‌ను వెంటబెట్టుకునే వస్తోంది.

డబ్బిచ్చి కొనే ప్రోగ్రాము గురించి ఇంత మెచ్చుకోలు ఎందుకు, ఉచితంగా దొరికే జీడాల్ ఉంది కదా అని తెలిసినవాళ్లు అడుగుతారు. అడగవలసిన ప్రశ్నే. ఫ్రాంక్ వార్మర్‌డామ్ అనే మరో కెనడియన్ 1998లో మొదలుపెట్టిన ఆ లైబ్రరీ సోర్సుకోడ్‌తో సహా అందరిదీ. క్యూజీఐఎస్ వంటి ఉచిత పటాల ప్రోగ్రాము ఫార్మాట్లు చదివేది దాని సాయంతోనే. పేద పంచాయతీకి నేను మొదట చూపించేది ఆ దారే. అయితే జీడాల్ కూడా కొన్ని ఫార్మాట్లను విండోస్‌లో విడి డీఎల్‌ఎల్ ప్లగిన్లుగానే ఉంచుతుంది. ఈసీడబ్ల్యూ వంటి ఫార్మాట్ల కోడ్ ఒక కంపెనీ సొత్తు. దాన్ని ఉచిత కోడ్‌లో కలిపేస్తే లైసెన్సులు ఒప్పవు. విడి ఫైలుగా ఉంటే అనుమతి ఉన్నవాళ్లు తెచ్చుకుని ఫోల్డర్లో పెట్టుకుంటారు. అంటే ప్లగిన్ సాంకేతిక గుమ్మమే కాక చట్టపు గట్టు కూడా అయింది. ఇరుపక్కల పొలాలు కలిసిపోకుండా మధ్యన ఉంటుంది, నీళ్లు పారడానికి బోదె వదులుతుంది. సర్రీ ప్రోగ్రాము మూసిన కోడ్, జీడాల్ తెరిచిన కోడ్. రెండూ ఒకే ఏర్పాటు దగ్గరికి రావడమే నా వాదనకు పెద్ద సాక్ష్యం: కోడ్ ఎవరిదన్న తగాదా కన్నా, కోడ్ కలిసే చోట ఒప్పందం రాసి ఉందా లేదా అన్నది వాడుకరికి ముఖ్యం.

మన నేల సంగతికి మళ్లీ వస్తాను. ఆంధ్రప్రదేశ్‌లో 2020 డిసెంబరు 21న జగ్గయ్యపేట మండలం తక్కెళ్లపాడులో రీసర్వే మొదలైంది. సుమారు వందేళ్ల కిందటి గొలుసు కొలతల చోట డ్రోన్లు, ఉపగ్రహ సంకేతాలతో కొలిచే యంత్రాలు వచ్చాయి. తెలంగాణ 2020లోనే భూ రికార్డుల పోర్టల్ ధరణిని తెచ్చింది, ఆ తర్వాత భూభారతి చట్టం చేసింది. ఊరి పటాలు కాగితం వదిలి ఫైళ్లవుతున్నాయి. కాగితం వందేళ్ల తర్వాత మసకబారినా కన్ను చదువుతుంది. ఫైలును చదవాలంటే దానికి తగ్గ ప్లగిన్ బతికి ఉండాలి. పటాలకు ఎక్కువగా వాడే షేప్‌ఫైలునే చూడండి. అందులో ఒక గడి పేరు పది అక్షరాలు దాటకూడదు, తెలుగు అక్షరాలు ఏ సంకేతాల్లో ఉన్నాయో పక్క ఫైలులో విడిగా చెప్పాలి. చెప్పకపోతే రైతు పేరు, ఊరి పేరు ప్రశ్నార్థకాల వరుసగా మారిపోతాయి. ఇన్ని లోపాలున్న ఆ ఫార్మాట్ ఇంతకాలం ఎలా బతికింది? ఎస్రి సంస్థ 1998 జులైలో దాని లోపలి నిర్మాణాన్ని, ఏ బైటులో ఏముంటుందో సహా, నలభై పేజీలు కూడా లేని పత్రంగా అందరికీ విడుదల చేసింది. ఆ పత్రం చేతిలో ఉంటే ఎక్కడివాళ్లైనా దాన్ని చదివే లైబ్రరీలు రాసుకోగలరు. రేపు ఆ కంపెనీ లేకపోయినా రాయగలరు. కాబట్టి సర్వే కాంట్రాక్టు ఇచ్చేటప్పుడు ప్రభుత్వం యంత్రం ఖచ్చితత్వం ఎన్ని సెంటీమీటర్లని అడిగినంత గట్టిగా, ఫైలు లోపలి వివరణ కాగితం ఎక్కడని కూడా అడగాలి. తెలుగు పేర్లు యూనికోడ్‌లో ఉండాలని, చదివే ప్లగిన్ ఒకే కంపెనీ చేతిలో ఉండిపోకూడదని షరతు రాయాలి. తహసీల్దారు కార్యాలయానికి చేరే డిస్కులో ఊరి పటంతోపాటు ఆ నలభై పేజీలు కూడా ఉండాలి.